తానే తానని రుజువు: మాజీ సైనికుల గుర్తింపు కార్డు వెనుక కథ

ఈ ప్రత్యేక సంచికకు చరిత్ర సంబంధమైన వ్యాసం ఒకటి రాయమని కార్యదర్శిగారు కోరారు. కోటలను గురించి, రాజులను గురించి రాయగలిగినవారు మన సంఘంలో నాకన్నా చాలామంది ఉన్నారు. నేను ముప్పై ఏళ్లకు పైగా ట్రెజరీ బల్ల వెనుక కూర్చున్న గుమాస్తాను. నాకు తెలిసిన చరిత్ర పింఛను కాగితాల చరిత్ర. అందులోనూ మాజీ సైనికుల కాగితాలు నా చేతిమీదుగా ఎక్కువగా నడిచాయి గనుక, వారి గుర్తింపు కార్డును గురించి నాలుగు మాటలు రాస్తున్నాను.

మన సభ్యుల్లో రెండు ఉద్యోగాలు చేసినవారు కొందరున్నారన్న సంగతి అందరికీ తెలిసినదే. పద్దెనిమిది, పంతొమ్మిది ఏళ్లకు పట్టాళంలో చేరి, పదిహేను పదిహేడేళ్లు పనిచేసి, ముప్పై అయిదో ఏట ఇంటికొచ్చి, మాజీ సైనికుల కోటాలో మన ఆఫీసుల్లో గుమాస్తాలుగా, అటెండర్లుగా, వాచ్‌మెన్లుగా చేరి మళ్లీ రిటైరయినవారు. వీరికి రెండు పింఛన్లు, రెండు పి.పి.ఓ.లు, రెండు లైఫ్ సర్టిఫికెట్లు. వీటికి తోడు సైనిక సంక్షేమ కార్యాలయం వారిచ్చే గుర్తింపు కార్డు, వైద్యానికి ఇ.సి.హెచ్.ఎస్. కార్డు, కాంటీను కార్డు. ఇన్నింటిలో గడువు మీరకుండా అందరూ జాగ్రత్తగా చూసుకొనేది కాంటీను కార్డొక్కటే. కారణం నేను చెప్పనక్కరలేదు.

గుర్తింపు కార్డును మాత్రం పెట్టె అడుగున వేసి మరిచిపోతారు. పిల్లవాడి చదువుకు కోటా సర్టిఫికెట్ కావలసి వచ్చినప్పుడో, ఇంటి పన్ను మినహాయింపు అడగబోయినప్పుడో బయటికి తీస్తే ఫోటో వెలిసిపోయి ఉంటుంది, చిరునామా మారిపోయి ఉంటుంది. 2022 ఏప్రిల్ 4న శ్రీ సత్యసాయి జిల్లా ఏర్పడిన తరువాత హిందూపురం, కదిరి, ధర్మవరం, పెనుకొండ వైపు వారందరి కార్డుల మీదా జిల్లా పేరే పాతదయింది. అప్పుడు మొదలవుతుంది ప్రయాణం. దరఖాస్తు ఫారం, డిశ్చార్జి బుక్కు, పి.పి.ఓ., ఆధార్, ఫోటోలు, పాత కార్డు అన్నీ పట్టుకుని కౌంటరు ముందు నిలబడతారు. గుమాస్తా ఒక్కొక్కటీ తిప్పి చూసి, ‘ఇందులో పేరొకలాగుంది, అందులో ఒకలాగుంది పెద్దాయనా’ అంటాడు.

ఈ మాట నేనూ ఎన్నోసార్లు అన్నవాణ్ణే. గుర్తింపు కార్డుకు సొంత బలం లేదు, అది డిశ్చార్జి బుక్కు నీడ. డిశ్చార్జి బుక్కులో ఉన్న పేరు, పుట్టిన తేదీ, భార్య పేరు ఎలా ఉంటే కార్డు అలా ఉంటుంది. కార్డును ‘రెన్యూ’ చేయించుకోవడమంటే, ఎప్పుడో భర్తీ రోజున ముక్కూ ముఖం తెలియని ఒకరు ఇంగ్లీషులో రాసిన ఒక వరుసకూ, ఈనాటి తన శరీరానికీ ముడి మళ్లీ కట్టించుకోవడం. ఈ ముడి కట్టే పద్ధతులు ఎలా మారుతూ వచ్చాయన్నదే నేను చెప్పదలచిన చరిత్ర.

కుంఫిణీ వారు రాకముందు మన సీమలో ఆయుధం పట్టినవానికి జీతం, పింఛను రెండూ భూమే. పాలెగాళ్ల కింద ఉండే కట్టుబడి బంట్రోతులకు పొలం మాన్యంగా ఉండేది. కొడుకు కత్తి పడితే పొలం కొడుకుది. 1800లో నిజాం ఈ జిల్లాలను కుంఫిణీకి దత్తం చేశాడు. ప్రిన్సిపల్ కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో 1807 దాకా ఉండి పాలెగాళ్లను అణచి, ఈ బంట్రోతుల బలగాన్ని చెదరగొట్టాడు. తరువాత 1858లో మద్రాసు ప్రభుత్వం ఇనాం కమిషన్‌ను నియమించి, ‘ఈ మాన్యం నీకు ఎవరిచ్చారు, ఎందుకిచ్చారు, సనదు చూపించు’ అని ఊరూరా విచారణ జరిపించింది. సనదు ఉన్నవారికి, అనుభవం రుజువైనవారికి ఇనాం పట్టా వచ్చింది. తాతముత్తాతలు చేసిన కొలువుకు మనవలు కాగితం చూపవలసిన పరిస్థితి మన జిల్లాలో అప్పుడే వచ్చిందన్నమాట.

కుంఫిణీ సైన్యంలో భూమి స్థానంలో నగదు పింఛను వచ్చింది. మన తెలుగువారు ఆ సైన్యంలో మొదటినుంచీ ఉన్నవారే. ఉత్తరాదిన కుంఫిణీ సిపాయిని చాలాకాలం ‘తిలంగా’ అని పిలిచేవారు. తెలంగ్ దేశం నుంచి వచ్చినవాడని అర్థం. బెంగుళూరులోని మద్రాస్ సాపర్ల పూర్వ రూపం 1780లో మొదలైంది. ఇటువంటి సిపాయి వయసు మళ్లి ఇంటికొస్తే, నెలనెలా డబ్బు తీసుకొనేవాడు వాడేనని కచేరీకి ఎలా తెలుస్తుంది? వాడికి సంతకం రాదు, ఫోటో అన్నది ఇంకా లేదు. అందుకని వర్ణన పట్టీ రాసేవారు. పేరు, తండ్రి పేరు, కులం, ఊరు, ఎత్తు, శరీరం మీద గుర్తులు. ‘కుడి చెంప మీద పుట్టుమచ్చ, ఎడమ మోచేతి కింద గాయపు మచ్చ.’ ఈ వాక్యాలు మన పి.పి.ఓ.లలో నా ఉద్యోగకాలంలో కూడా ఉండేవి. పాత పట్టీల్లో ‘ముఖం నిండా మశూచి మచ్చలు’ అన్న మాట తరచు కనిపించేది. ఆ రోజుల్లో అది గుర్తే కాదు, సగం ఊరికి అవే మచ్చలు.

వర్ణన పట్టీతో ఒక చిక్కుంది. సిపాయి చచ్చిపోతే తమ్ముడో, అదే ఎత్తున్న పక్కింటివాడో వచ్చి డబ్బు తీసుకుపోవచ్చు. ఈ చిక్కే ప్రపంచానికంతటికీ ఉపయోగపడిన ఒక సంగతికి దారి తీసింది. బెంగాల్‌లో విలియం హెర్షెల్ అనే సివిలు అధికారి ఉండేవాడు. 1858లో జంగీపూర్‌లో రోడ్డు కంకర సరఫరాకు రాజ్యధర్ కొనాయి అనే కంట్రాక్టరుతో ఒప్పందం రాయించుకుంటూ, తరువాత ఇది నా సంతకం కాదంటాడేమోనని అతని అరచేతి ముద్ర కాగితం వెనుక వేయించుకున్నాడు. వేలి గీతలు మనిషికీ మనిషికీ వేరని, వయసుతో మారవని ఆయనకు క్రమంగా బోధపడింది. 1877లో హుగ్లీ జిల్లా మేజిస్ట్రేటుగా ఉండగా పింఛనుదారులకు, దస్తావేజుల రిజిస్ట్రేషనుకు, జైలు ఖైదీలకు వేలిముద్రలు ప్రవేశపెట్టాడు. చనిపోయినవారి పేరున పింఛను ఎత్తేవారిని అరికట్టడం అందులో ఒక ముఖ్య ఉద్దేశం. పద్ధతిని విస్తరిద్దామని రాసిన లేఖకు పైవారు ఉత్సాహం చూపలేదు. ఆ తరువాత 1897లో కలకత్తాలో వేలిముద్రల బ్యూరో ఏర్పడింది. ముద్రలను వర్గీకరించే పద్ధతికి ఎడ్వర్డ్ హెన్రీ పేరు పెట్టారు గానీ అందులో అజీజుల్ హక్, హేమచంద్ర బోస్ అనే ఇద్దరు మన ఉద్యోగుల శ్రమ ఎంతో ఉంది. కింది ఉద్యోగి చేసిన పని పైవాడి పేరున చలామణి కావడం మనకేమీ కొత్త కాదు. దొంగల కోసమే వేలిముద్రలు పుట్టాయని చాలామంది అనుకుంటారు. దొంగల కన్నా ముందు వరుసలో నిలబడినవాడు పింఛనుదారుడు.

ఇదే కాలంలో 1871 పింఛన్ల చట్టం వచ్చింది. ఈనాటికీ అమలులో ఉంది. అప్పులవాళ్లు కోర్టు ద్వారా పింఛనును జప్తు చేయించరాదని అందులో 11వ సెక్షన్ చెబుతుంది. రాబోయే పింఛనును ముందుగా ఇంకొకరికి రాసి ఇచ్చినా చెల్లదని 12వ సెక్షన్. చట్టం గట్టిదే. అయితే మన జిల్లాలో వాన సగటున 550 మిల్లీమీటర్లు. అదీ సకాలంలో పడదు. రెండేళ్లు వరుసగా చేను ఎండితే షావుకారు దగ్గర కుదువ పెట్టడానికి ఇంట్లో మిగిలేది పి.పి.ఓ. పుస్తకమే. నేను ఉద్యోగంలో చేరిన కొత్తల్లో, 1970లలో, నెల మొదటి తారీఖున కొందరు ముసలి సిపాయిల వెంట ఒక మనిషి వచ్చి వేపచెట్టు కింద నిలబడేవాడు. పింఛను తీసుకుని చెట్టు దగ్గరికి వెళ్లగానే డబ్బు, పుస్తకం రెండూ అతని చేతికి పోయేవి. మళ్లీ నెల మొదటి తారీఖున పుస్తకం బయటికొచ్చేది. జప్తు చేయరాదన్న చట్టాన్ని అతిక్రమించిన వారెవరూ కాగితం మీద లేరు.

మళ్లీ వెనక్కి వెళతాను. 1895లో మద్రాసు సైన్యం విడిగా లేకుండా పోయి అంతా ఒకే భారత సైన్యమైంది. అంతకు కొంత ముందునుంచే, యుద్ధజాతులు వేరే ఉన్నాయి, దక్షిణాదివారు పనికిరారు అన్న సిద్ధాంతం పైవారికి పట్టుకుంది. తెలుగువారి భర్తీ క్రమంగా సన్నగిల్లిపోయింది. 1928 నాటికి మద్రాసు పదాతి దళాల్లో మిగిలినవాటిని కూడా రద్దు చేశారు. రెండో ప్రపంచయుద్ధం మీదపడేసరికి అదే మద్రాస్ రెజిమెంటును మళ్లీ నిలబెట్టారు. అవసరం వస్తే జాతి లక్షణాలు మారిపోతాయి కాబోలు.

ఈ మధ్యలోనే మన కార్డుకు జన్మస్థానమైన కార్యాలయం పుట్టింది. మొదటి ప్రపంచయుద్ధం నుంచి లక్షలాది సిపాయిలు తిరిగొస్తున్నప్పుడు వారి బాగోగులు చూడడానికి 1919లో ఇండియన్ సోల్జర్స్ బోర్డు ఏర్పడింది. 1951లో నావికులను, వైమానిక సిబ్బందిని కలిపి పేరు పెంచారు. 1975లో కేంద్రీయ సైనిక్ బోర్డు అయింది. జిల్లాల్లో కలెక్టరు అధ్యక్షతన ఉండే బోర్డే జిల్లా సైనిక్ బోర్డు, దాని పని చూసేది జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం. పాతవారు ఇప్పటికీ ‘సోల్జర్స్ బోర్డు ఆఫీసు’ అనే అంటారు. రిటైరయిన సిపాయి ఇంటికి రాగానే అక్కడికి వెళ్లి పేరు నమోదు చేయించుకోవాలి. ఆ నమోదు మీదే గుర్తింపు కార్డు.

రెండో ప్రపంచయుద్ధంలో భారత సైన్యం ఇరవై అయిదు లక్షలకు పెరిగింది. యుద్ధం ముగియగానే అందులో అత్యధికులను ఇంటికి పంపించారు. జవానుకు పింఛను రావాలంటే పదిహేనేళ్ల సర్వీసు ఉండాలి. యుద్ధం సాగింది ఆరేళ్లు. బర్మా అడవుల్లో పనిచేసి వచ్చినవాడికైనా పింఛను లేదు. అటువంటివారు మా ట్రెజరీకి వచ్చి, పతకాలు చూపించి, ‘మాకేమైనా ఉందా సామీ’ అని అడిగేవారు. వారి చేతిలో డిశ్చార్జి కాగితం ఉండేది, పి.పి.ఓ. ఉండేది కాదు. ట్రెజరీలో పి.పి.ఓ. లేనివాడికి చెప్పగలిగిందేమీ లేదు. సోల్జర్స్ బోర్డుకు వెళ్లమనేవాళ్లం. తరువాత చాలా ఏళ్లకు రాష్ట్ర ప్రభుత్వం వారికి, వారి భార్యలకు నెలవారీ సాయం ఇవ్వసాగింది. అప్పటికి ఎంతమంది మిగిలారు గనుక! ఆ సాయం అందింది కూడా నలభై యాభై ఏళ్లు ఆ డిశ్చార్జి కాగితాన్ని చెదలు పట్టకుండా దాచుకున్నవారికే.

స్వాతంత్ర్యం వచ్చాక మన జిల్లా నుంచి చేరినవారు ఒక్క మద్రాస్ రెజిమెంటులోనే కాక ఇంజనీర్లు, ఫిరంగి దళం, సిగ్నల్స్, ఇ.ఎం.ఇ., వైద్య విభాగం వంటి అన్ని శాఖల్లోకీ వెళ్లారు. మడకశిర, హిందూపురం వైపువారికి బెంగుళూరు మన జిల్లా కేంద్రం అంత దగ్గర. అందువల్ల ఒక్క జిల్లా పింఛనుదారుల రికార్డులు దేశమంతా చెదిరి ఉంటాయి. మద్రాస్ సాపర్లవి బెంగుళూరులో, మద్రాస్ రెజిమెంటువి వెల్లింగ్టన్‌లో, ఫిరంగి దళంవి నాసిక్‌లో, ఇ.ఎం.ఇ. వారివి సికింద్రాబాదులో, సిగ్నల్స్‌వి జబల్‌పూర్‌లో, వైద్య విభాగంవి లక్నోలో. పింఛను మంజూరు అలహాబాదులో. ఆ ఊరి పేరు 2018లో ప్రయాగ్‌రాజ్ అయింది గాని, మా తరానికి ‘అలహాబాదు నుంచి కాగితం వచ్చిందా’ అన్నదే నోటికొస్తుంది. కళ్యాణదుర్గం అవతల పల్లెలో ఒక అక్షరం సరిచేయాలంటే కాగితం మొదట సైనిక సంక్షేమ కార్యాలయానికి, అక్కడినుంచి రికార్డు ఆఫీసుకు, అక్కడినుంచి అలహాబాదుకు పోయి మళ్లీ అదే దారిన రావాలి.

ట్రెజరీ రోజుల సంగతి కొంచెం చెప్పాలి. పి.పి.ఓ.కు రెండు భాగాలు. ఒకటి మా దగ్గర, ఒకటి పింఛనుదారు దగ్గర. ఆయన తన భాగం ఇస్తే మేం మా భాగం తీసి పక్కపక్కన పెట్టి చూడాలి. సంతకం రానివారికి ఎడమ బొటనవేలి ముద్ర. ఏడాదికొకసారి మస్టరు. స్వయంగా వచ్చి నిలబడాలి, రాలేనివారు బతికున్నట్టు సర్టిఫికెట్ పంపాలి. దానిమీద గెజిటెడ్ అధికారి గాని, స్టేషన్ బాధ్యతలో ఉన్న సబ్ ఇన్‌స్పెక్టరు గాని, సబ్ రిజిస్ట్రారు గాని, పోస్టుమాస్టరు గాని, మరికొందరు నిర్దేశిత అధికారులు గాని సంతకం చేయవచ్చు. పాత నిబంధనల్లో ఘోషా స్త్రీలకు స్వయంగా హాజరు కావడం నుంచి మినహాయింపు ఉండేది. మా కౌంటరు ముందు గంపలు దించి నిలబడే ఆడవాళ్లకు ఆ మినహాయింపు అడగాలన్న ఊహే ఎప్పుడూ రాలేదు.

గుర్తు పట్టడానికి రూలు పుస్తకంలో లేని పద్ధతి ఒకటి మా సీనియర్లు నేర్పారు. ముసలాయన కంగారుపడి ఊరి పేరు తడబడినా, తండ్రి పేరు తడబడినా, ‘నీ నంబరు చెప్పు సుబేదారూ’ అంటే చాలు. వెన్ను నిటారయ్యేది. అంకెలు ఒక్కటీ తప్పకుండా వచ్చేవి. ఎనభై ఏళ్ల మనిషి భార్య పేరు మరిచిపోవడం చూశాను గాని, రెజిమెంటు నంబరు మరిచినవాణ్ణి నేను చూడలేదు. ఆ నంబరుకు ఇంకొక సుగుణం ఉంది. దానికి స్పెల్లింగు లేదు.

పేరుకు ఉంది. చిక్కంతా అక్కడే. ఓబులేసు అనే పేరు తీసుకోండి. మన జిల్లాలో పట్టాదారు పుస్తకంలో కులం ముందు పెట్టి ‘బోయ ఓబులేసు’ అని రాస్తారు. బడిలో అదే ‘బి. ఓబులేసు’. భర్తీ రోజున ఉత్తరాది గుమాస్తా విన్నది విన్నట్టు రాసుకుంటే ‘ఓబులేష్’. ఆధార్‌లో తండ్రి పేరు కూడా కలిపి ఇంకొకటి. నలుగురూ ఒక్కడే. ఊళ్లో అడిగితే ఎవరికీ అనుమానం లేదు. కాగితాలను అడిగితే నలుగురు మనుషులు. పుట్టిన తేదీ సంగతీ ఇంతే. సంవత్సరం తెలిసి నెల తెలియకపోతే జూలై 1 వేయడం సర్కారు నియమం. మన సభ్యుల జాబితా తీసి చూస్తే మనలో సగంమంది జూలై 1నే పుట్టినట్టు ఉంటుంది!

జవాను బతికున్నంతకాలం ఈ తేడాలు ఎలాగో గడిచిపోతాయి. నంబరుంది, మనిషున్నాడు, పక్కన సాక్ష్యం చెప్పడానికి ఇంకొక సుబేదారున్నాడు. ఆయన పోయిననాడు మొదలవుతుంది అసలు పరీక్ష. భార్యకు నంబరు లేదు. పాత పి.పి.ఓ.లు చాలావాటిలో భార్య పేరే ఉండేది కాదు. తరువాత భార్య పేరును కూడా కలిపి ఇచ్చే పి.పి.ఓ.లు వచ్చాయి. పెళ్లి జరిగినప్పుడు జవాను యూనిట్‌లో చెప్పి పార్ట్ టూ ఆర్డరు వేయించుకుంటేనే ఆమె పేరు రికార్డుకెక్కుతుంది. సెలవులో వచ్చి పెళ్లాడి, తిరిగి వెళ్లి, హవల్దారు మేజరు ముందు భార్య పేరు చెప్పేటప్పుడు సిగ్గుపడి ముద్దుపేరు చెప్పినవారున్నారు. పుట్టింటి పేరు చెప్పినవారున్నారు. ముప్పై ఏళ్ల తరువాత ఆ ముద్దుపేరే ఆమె తిండిగింజల మీద అడ్డుపుల్ల.

నాకు తెలిసిన ఒకామె సంగతి చెబుతాను. పేరు, ఊరు అవసరం లేదు. భర్త నాయక్‌గా రిటైరయ్యాడు. 1990ల నడుమ చనిపోయాడు. రికార్డులో ఆమె పేరు చివర ‘అక్క’ అని ఉంది, రేషన్ కార్డులో అదే పేరు చివర ‘అమ్మ’. ఒక ఆఫీసులో కుదరదన్నారు, ఇంకొక ఆఫీసులో పైనుంచి రావాలన్నారు. మేజిస్ట్రేటు ముందు అఫిడవిట్, పేపరులో ప్రకటన, సర్పంచ్ లెటరు, తహసీల్దారు సర్టిఫికెట్, అన్నీ తెచ్చింది. రికార్డు ఆఫీసువారు ఒకసారి తిప్పి పంపారు, ఇంకొక నకలు కావాలని. భర్త పింఛను ఆగింది, ఆమెది మొదలుకాలేదు. నా బల్ల దగ్గరకొచ్చి, ‘నన్ను అక్క అన్నా నేనే, అమ్మ అన్నా నేనే గదా సామీ. పేరులో ఏముంది, మనిషిని చూడు’ అంది. మనిషిని చూసి పింఛనిచ్చే అధికారం ట్రెజరీ గుమాస్తాకు లేదు. రెండేళ్ల నాలుగు నెలలకు కాగితం వచ్చింది. బకాయి మొత్తం ఒకేసారి చేతికొచ్చింది. ఆలోపల ఇంటి మేకలు ఒక్కటి మిగలకుండా అమ్ముడుపోయాయి. మొదటి నెల డబ్బు తీసుకున్నరోజు ఆమె అడిగింది ఒక్కటే: ‘ఈ కాగితం మళ్లీ మారదు గదా?’

పింఛను దయాదాక్షిణ్యం కాదు, హక్కు అని 1982 డిసెంబరు 17న డి.ఎస్. నకారా కేసులో సుప్రీంకోర్టు చెప్పిన తీర్పును ఏటా ఆ రోజున మనం సభ పెట్టి స్మరించుకుంటాం. ఆ నకారాగారు కూడా రక్షణ మంత్రిత్వ శాఖలో ఆర్థిక సలహాదారుగా పనిచేసి రిటైరయినవారే. తీర్పు గొప్పదే. కాని హక్కు ఎవరిదో తేల్చే పని మాత్రం ఎప్పటిలాగే గుమాస్తా బల్ల మీదే మిగిలింది. 2006 పే కమిషన్ తరువాత 80 ఏళ్లు నిండిన కేంద్ర పింఛనుదారులకు, కుటుంబ పింఛనుదారులకు మూల పింఛను మీద 20 శాతం అదనం వచ్చింది. 85కు 30 శాతం, 90కి 40, 95కు 50, నూరేళ్లకు నూరు శాతం. సైనిక పింఛన్లకూ ఇది వర్తిస్తుంది. పి.పి.ఓ.లో పుట్టిన తేదీ లేని వితంతువుకు 80 నిండినట్టు ఎవరు చెప్పాలి? మళ్లీ అదే రుజువు.

ట్రెజరీల నుంచి పింఛన్లు క్రమంగా బ్యాంకులకు మళ్లాయి. బ్యాంకులు కూడా మనిషికన్నా ముందే పేర్లు మార్చుకున్నాయి. 2020 ఏప్రిల్‌లో సిండికేట్ బ్యాంకు కెనరాలో, ఆంధ్రా బ్యాంకు యూనియన్ బ్యాంకులో కలిశాయి. పాస్‌బుక్కులు, కోడ్‌లు మారాయి. 2010 సెప్టెంబరు 29న మహారాష్ట్రలోని టెంభ్లీ గ్రామంలో మొదటి ఆధార్ ఇచ్చారు. 2014 నవంబరు 10న జీవన్ ప్రమాణ్ మొదలైంది. హెర్షెల్ హుగ్లీలో పింఛనుదారు వేలు కాగితం మీద నొక్కించిన నూట ముప్పై ఏడేళ్లకు అదే వేలును గాజు మీద నొక్కమన్నారు.

మన జిల్లాలో ఇక్కడొక ఇబ్బంది ఉంది. లైఫ్ సర్టిఫికెట్ నెల నవంబరు. ముంగారు వేరుశనగ పీకి, కట్టెలు కొట్టి, కాయలు వలిచేది కూడా అక్టోబరు, నవంబరు నెలల్లోనే. ఏడాది మొత్తంలో చేతివేళ్లు బాగా అరిగి, పగిలి ఉండే నెలను వెతికి పెట్టినట్టుంది. పట్టాళం వదిలి ముప్పై ఏళ్లు సేద్యం చేసిన మనిషి వేలు యంత్రం మీద పెడితే ‘సరిపోలలేదు’ అంటుంది. నూనె రాసి, గుడ్డతో తుడిచి, పదివేళ్లూ మార్చి మార్చి పెట్టిస్తారు. కంటిపాప యంత్రం ఉన్నచోట అది పెడతారు, శుక్లాలు ఉంటే అదీ తీసుకోదు. వయసుతో గీతలు మారవన్న హెర్షెల్ మాట తప్పు కాదు. గీతలు మారలేదు, పొట్టుతోపాటు రాలిపోయాయి.

సైనిక పింఛన్లన్నింటినీ ఒకేచోటికి తెచ్చే ‘స్పర్శ్’ అనే పద్ధతిలోకి పాతవారిని మార్చినప్పుడు ఏమయిందో మీకు గుర్తుండే ఉంటుంది. 2022 ఏప్రిల్ నెల పింఛను దేశంలో 58 వేలమందికి పైగా ఖాతాల్లో పడలేదు. ఏటా ఇవ్వవలసిన గుర్తింపు రికార్డులో నమోదు కాలేదన్నది కారణం. పత్రికల్లో గగ్గోలు పుట్టాక మే మొదటి వారంలో ఒక్కసారికి మినహాయింపునిచ్చి డబ్బు వేశారు, మే 25 లోపల గుర్తింపు పూర్తి చేయమన్నారు. ఆ నెలలో మన సంఘం ఆఫీసుకు వచ్చినవారిలో నవంబరులోనే బ్యాంకులో సర్టిఫికెట్ ఇచ్చి రసీదు దాచుకున్నవారున్నారు. రసీదు దాచుకోనివారికి, తాము పోయిన నవంబరులో బతికే ఉన్నామని చెప్పుకోవడానికి దారి లేకపోయింది.

న్యాయంగా రెండో వైపు కూడా చెప్పాలి. పూర్వంకన్నా ఇప్పుడు తేలికయిన సంగతులున్నాయి. 2020 నవంబరు నుంచి పోస్టుమాన్ ఇంటికే వచ్చి జీవన్ ప్రమాణ్ చేస్తున్నాడు. మొదలుపెట్టినప్పుడు రుసుము 70 రూపాయలు. మంచం పట్టినవారికి జీపు బాడుగతో పోలిస్తే అది లెక్కలోది కాదు. 2021 నవంబరులో ముఖం చూసి గుర్తించే పద్ధతి వచ్చింది. మనవడి సెల్‌ఫోనులోనే అయిపోతుంది, వేలితో పనిలేదు. అమెరికాలో పిల్లల దగ్గరున్నవారికి కాన్సులేటు చుట్టూ తిరిగే బాధ కొంత తగ్గింది. 80 దాటినవారు అక్టోబరు 1 నుంచే ఇవ్వవచ్చు, రద్దీ తప్పుతుంది. వేపచెట్టు కింద నిలబడే షావుకారు మనిషి కూడా ఇప్పుడు లేడు. ఆయన పని ఇప్పుడు ఏ.టి.ఎం. కార్డు, పిన్ నంబరు తీసిపెట్టుకునేవారు చేస్తున్నారని వింటున్నాను.

పేరులో తేడా మాత్రం ముఖం చూపిస్తే పోదు. స్పర్శ్‌లో ఉన్న పేరు, ఆధార్‌లో ఉన్న పేరు, డిశ్చార్జి బుక్కులో ఉన్న పేరు ఒకటి కాకపోతే గుర్తింపు కార్డు దగ్గరా ఆగుతుంది, పింఛను దగ్గరా ఆగుతుంది. కనుక మన సభ్యుల్లో సైన్యం నుంచి వచ్చినవారందరికీ నా మనవి. ఈ నెలలోనే డిశ్చార్జి బుక్కు తీసి భార్య పేరు, ఆమె పుట్టిన తేదీ ఎలా రాసి ఉన్నాయో చదవండి. ఇంగ్లీషు రానివారు సంఘం ఆఫీసుకు తెండి, చదివి చెబుతాం. తేడా ఉంటే జవాను స్వయంగా సంతకం పెట్టి పంపే దరఖాస్తుకు ఉన్న విలువ, ఆయన పోయాక ఆమె తెచ్చే పది కాగితాలకు ఉండదు. సైనిక సంక్షేమ కార్యాలయం ద్వారా రికార్డు ఆఫీసుకు పంపి, పంపిన తేదీ, పోస్టు రసీదు నంబరు ఒక నోటుబుక్కులో రాసిపెట్టుకోండి. ఆ నోటుబుక్కు ఎక్కడుందో ఇంట్లో ఆడవాళ్లకు చెప్పండి.

మరి రెండు చిన్న సంగతులు. కొత్త కార్డు వచ్చాక పాత కార్డు నకలు ఒకటి తప్పక ఉంచుకోండి. పాత నమోదు నంబరు దానిమీదే ఉంటుంది, రిజిస్టరులో వెతకాలంటే అదే దారి. డిశ్చార్జి బుక్కును, పి.పి.ఓ.ను మాత్రం చెదలకు భయపడి లామినేషన్ చేయించకండి. దానిమీద తరువాత మార్పు రాసి ముద్ర వేయవలసి వస్తే ప్లాస్టిక్ మీద సిరా నిలవదు.